సిట్రేట్ తిన్న ఈ.కోలై: కొత్త సామర్థ్యమా, పాతదానికి చోటు మార్పా?

సూక్ష్మదర్శిని:
పరిణామమా, ఇంటెలిజెంట్ డిజైనా (జీవుల్ని ఏదో తెలివి రూపొందించిందనే వాదం) అనే వాదన ఎక్కడ మొదలుపెట్టినా నాలుగు పోస్టులు దాటేసరికి దేవుడున్నాడా లేడా అన్న చోటికి చేరిపోతుంది. ఆ ప్రశ్న పెద్దదే, దానికి వేరే థ్రెడ్ ఉంది. ఇక్కడ ఒకే ఒక్క ప్రయోగం పట్టుకుందాం. డీఎన్ఏలో ఏ ముక్క ఎక్కడికి జరిగిందో ముందు చూద్దాం, పేర్లు తర్వాత పెట్టుకుందాం.

1988 ఫిబ్రవరి 24న జీవశాస్త్రవేత్త రిచర్డ్ లెన్స్కీ కాలిఫోర్నియాలోని అర్వైన్‌లో ఒకే ఈ.కోలై (పేగుల్లో ఉండే బ్యాక్టీరియా) వంశం నుంచి 12 ఫ్లాస్కులు మొదలుపెట్టారు. తర్వాత అవి మిచిగన్ స్టేట్ యూనివర్సిటీకి, 2022లో టెక్సస్‌లోని ఆస్టిన్‌కి మారాయి. అప్పటికి సుమారు 75,000 తరాలు గడిచాయి. ఈ 12లో ఒక్కదాంట్లో మాత్రం, ఆరా మైనస్ 3 అని పిలిచే ఫ్లాస్కులో, దాదాపు 31,500 తరాల దగ్గర గాలి ఉన్నచోట కూడా సిట్రేట్ (సిట్రిక్ ఆమ్లపు లవణం) తినగలిగే రకం పుట్టింది. జాకరీ బ్లౌంట్, క్రిస్టీనా బోర్లాండ్, లెన్స్కీ 2008లో ఈ సంగతి ప్రచురించారు. "కళ్ళ ముందు జరిగిన పరిణామం ఇదే" అని ఒక పక్షం, "ఉన్న జీన్‌ని జరపడమేగా, కొత్తదేముంది" అని ఇంకో పక్షం. రెండు పక్షాల వాళ్ళూ ఇక్కడున్నారు కాబట్టి వివరంగా రాయండి.

పెట్రీప్లేటు:
ముందు ఫ్లాస్కు సంగతి. అది తెలియకుండా మాట్లాడితే సగం వాదన గాలిలో పోతుంది.

50 మి.లీ. ఫ్లాస్కులో 10 మి.లీ. ద్రవ యానకం (బ్యాక్టీరియాని పెంచే ద్రవం) ఉంటుంది, పేరు డీఎం25. 25 అంటే లీటరుకి 25 మి.గ్రా. గ్లూకోజ్. బ్యాక్టీరియాకి ఇది అర్ధాకలి భోజనం. 37 డిగ్రీల దగ్గర, ఊపుతూ ఉంచుతారు. రోజూ 0.1 మి.లీ. తీసి 9.9 మి.లీ. తాజా యానకంలో వేస్తారు. మిగతాది పారబోయడమే. ప్రతి 500 తరాలకి కొంత గ్లిసరాల్‌తో కలిపి మైనస్ 80 డిగ్రీల్లో దాస్తారు. ఆ దాచినవి మళ్ళీ బతుకుతాయి. ఈ ప్రయోగానికి ప్రాణం ఆ ఫ్రీజరే. ఏ తరానికైనా వెనక్కి వెళ్ళి అక్కణ్ణుంచి మళ్ళీ నడిపించి చూడొచ్చు.

ఇక సిట్రేట్. అదే యానకంలో లీటరుకి 500 మి.గ్రా. సోడియం సిట్రేట్ మొదటి రోజు నుంచీ ఉంది. దాన్ని ఆహారంగా వెయ్యలేదు, ఇనుము కణాలకి అందేలా పట్టి ఉంచడానికి ఆ రెసిపీలో అలా వస్తుంది. గ్లూకోజ్‌కి ఇరవై రెట్లు సిట్రేట్ పక్కనే పెట్టుకుని ఈ.కోలై 31,000 తరాలు దాన్ని ముట్టలేదు. గాలి ఉన్నచోట సిట్రేట్‌ని లోపలికి తెచ్చుకునే దారి దానికి లేదు.

మిర్యాలగూడ బయాలజీ:
డిగ్రీ మైక్రోబయాలజీ చదివిన వాళ్ళకి ఇది ఇమ్‌విక్ అనే, పేగు బ్యాక్టీరియాని గుర్తుపట్టే నాలుగు పరీక్షల్లో చివరిది. సిమ్మన్స్ సిట్రేట్ అగార్ ఆకుపచ్చగానే ఉంటే ఈ.కోలై, ముదురు నీలం అయితే క్లెబ్సియెల్లా, సిట్రోబాక్టర్ లాంటివి. అంటే సిట్రేట్ తినకపోవడం ఈ.కోలైకి గుర్తింపు కార్డు లాంటిది. అందుకే పెట్రీప్లేటు గారిని నేనడిగేది ఇదే: ఆ ఫ్లాస్కులోకి బయటి నుంచి సిట్రోబాక్టర్ పడలేదని ఎలా తేల్చారు? పిల్లలు మొదట అడిగేదీ అదే.

పెట్రీప్లేటు:
మేడం, వాళ్ళు కూడా మొదట అదే అనుమానించారు. ఫ్లాస్కు ఉన్నట్టుండి మబ్బుగా మారితే ఏ ల్యాబ్‌లోనైనా మొదటి అనుమానం కలుషితమే.

తేల్చింది ఇలా. ఈ వంశం మొదటి నుంచీ కొన్ని గుర్తులు మోస్తోంది. అరబినోజ్ అనే చక్కెరను వాడలేదు, కాబట్టి టెట్రజోలియం అరబినోజ్ పళ్ళెంలో ఎర్రటి కాలనీలు ఇస్తుంది. టీ6 ఫేజ్ (బ్యాక్టీరియాని చంపే వైరస్) దీన్ని చంపలేదు, టీ5 చంపుతుంది. సిట్రేట్ తినే రకాన్ని తీసి చూస్తే ఈ గుర్తులన్నీ ఉన్నాయి. అక్కడితో ఆగలేదు. పైక్ఎఫ్, నాడ్ఆర్ అనే జీన్లలో ఆ ఒక్క ఫ్లాస్కులో మాత్రమే వచ్చిన మ్యుటేషన్లు ఉంటాయి. అవి కూడా అక్షరం అక్షరం సరిపోయాయి. బయటి నుంచి వచ్చిన సిట్రోబాక్టర్‌కి ఆ మ్యుటేషన్లు ఉండే అవకాశం లేదు.

మీ పిల్లల కోసం ఇంకొక్క మాట. సిమ్మన్స్ గొట్టంలో తప్పుడు ఫలితం వచ్చేది ఎక్కువగా రెండు చోట్ల. బ్రాత్ నుంచి గానీ, ముద్దగా గానీ వేస్తే దాంతో పాటే పాత ఆహారం వచ్చి, ఈ.కోలై కూడా పెరిగినట్టు కనిపిస్తుంది. సూదితో సన్నగా గీయాలి. మూత బిగిస్తే గాలి అందక నిజమైన పాజిటివ్ కూడా నీలంగా మారదు. మూత వదులుగా పెట్టి 4 రోజుల వరకూ చూడొచ్చు.

నిర్మాణవాది:
నేను డిజైన్ వైపు వాణ్ణి, దాచుకోను. కలుషితం కాదన్నది నేనూ ఒప్పుకుంటాను, ఆ పని శుభ్రంగా చేశారు. నా అభ్యంతరం వేరు.

సిట్రేట్‌ని లోపలికి తెచ్చే ప్రోటీన్ సిట్‌టీ ఈ.కోలైకి ముందే ఉంది. గాలి లేనిచోట అది పనిచేస్తూనే ఉంది. లోపలికి వచ్చిన సిట్రేట్‌ని అరిగించే క్రెబ్స్ చక్రం అంతా ముందే ఉంది. 31,500 తరాల తర్వాత జరిగింది ఒక స్విచ్ ఆన్ అవడం. ఇంట్లో ఉన్న మోటారుని ఇంకో ప్లగ్గులో పెట్టినంత మాత్రాన మోటారు తయారైనట్టు కాదు కదా. డిజైన్ వాదం వినిపించే జీవరసాయన శాస్త్రవేత్త మైకేల్ బీహీ అడిగేది మోటారు ఎక్కణ్ణుంచి వచ్చిందని.

పెట్రీప్లేటు:
ప్లగ్గు పోలిక బాగుంది అన్నా, కాకపోతే ప్లగ్గు ఎలా తయారైందో చూడాలి. బ్లౌంట్ బృందం 2012లో 29 క్లోన్ల జీనోమ్ చదివి బయటపెట్టింది.

సిట్‌టీ ఉన్న 2,933 అక్షరాల ముక్క రెండుసార్లు, పక్కపక్కనే అచ్చయింది. రైలు పెట్టెల వరసగా ఊహించుకోండి. ఒక వరసలో మొదటి పెట్టె సిట్‌జీ అనే జీన్ తోక, తర్వాత సిట్‌టీ, చివరి పెట్టె ఆర్‌ఎన్‌కే అనే జీన్ మొదటి భాగం, దాని ప్రమోటర్‌తో (జీన్ చదవడం మొదలుపెట్టించే స్విచ్‌తో) సహా. ఇదే వరస ఇంకొకటి వెనక తగిలించారనుకోండి. ఇప్పుడు మొదటి వరస చివరి పెట్టె, రెండో వరస మొదటి పెట్టె ఒకదానికొకటి తగులుతున్నాయి. అంతకు ముందు ఎన్నడూ పక్కపక్కన లేని ఆర్‌ఎన్‌కే ప్రమోటర్, సిట్‌జీ ముక్క అతుక్కున్నాయి. ఆర్‌ఎన్‌కే ప్రమోటర్ గాలి ఉన్నప్పుడు పనిచేసేది. దాని వెనక వచ్చిన రెండో సిట్‌టీ నకలు ఇప్పుడు గాలిలో చదవబడుతోంది. మొదటి నకలు తన పాత పని తాను చేస్తూనే ఉంది. ఏదీ విరగలేదు, ఏదీ పోలేదు. ప్రమోటర్, జీన్ రెండూ పాతవే, కూర్పు మాత్రం ఆ తెగకి కొత్త.

ఇది ఊహ కాదని ఎలా తెలుసంటే, ఆ కొత్త కూర్పుని ప్లాస్మిడ్ అనే చిన్న డీఎన్ఏ ఉంగరంలో పెట్టి సిట్రేట్ తినని కణాల్లోకి ఎక్కించారు. ఆ ఫ్లాస్కులోనే, సిట్రేట్ రకం పుట్టడానికి అప్పటికే సిద్ధమైన వంశంలోని కణాలకి ఎక్కిస్తే సిట్రేట్ మీద బాగా పెరిగాయి. 1988 నాటి పూర్వీకుడికి ఎక్కిస్తే ఏదో కొద్దిగా పెరిగింది. ప్లగ్గు ఒక్కటే చాలదని అక్కడే తెలిసింది. ముందు ఇంకేవో మారి ఉండాలి.

లెక్కలమనిషి:
31,500 తరాలు ఎందుకు పట్టిందన్నదానికి లెక్క వేద్దాం, దాంతో చాలా అపోహలు పోతాయి.

రోజూ 100 రెట్లు పలచన చేస్తున్నారు, కాబట్టి రోజుకి 6.64 తరాలు. 31,500 తరాలంటే ఆపకుండా నడిపినా దాదాపు 4,740 రోజులు, 13 ఏళ్ళు. ఉదయం 50 లక్షల కణాలు, రాత్రికి 50 కోట్లు. జీనోమ్ 46 లక్షల అక్షరాలు. అక్షరానికి, తరానికి మ్యుటేషన్ రేటు సుమారు వెయ్యి కోట్లలో ఒకటి. గుణిస్తే రోజుకి ఒక్కో ఫ్లాస్కులో దాదాపు 2 లక్షల కొత్త మ్యుటేషన్లు. జీనోమ్‌లో సాధ్యమయ్యే ఒక్క అక్షరం మార్పులు 1.4 కోట్లు. అంటే 70 రోజుల్లో, సంఖ్యలో చూస్తే, అన్నీ ఒకసారి పుట్టినంత లెక్క.

ఇక్కడే చాలామంది తప్పు చేస్తారు. పుట్టడం వేరు, నిలవడం వేరు. రోజు విభజనల్లో సగం చివరి రెట్టింపులోనే జరుగుతాయి. అప్పుడు పుట్టిన మ్యుటేషన్ ఒక్క కణంలోనే ఉంటుంది. మర్నాడు ఆ ఒక్క కణం కొత్త ఫ్లాస్కులోకి వెళ్ళే అవకాశం నూటికి ఒకటి. వెళ్ళినా, గ్లూకోజ్ పోటీలో వెనకబడితే త్వరలోనే కొట్టుకుపోతుంది. సిట్రేట్ తినే మొదటి రకం చాలా బలహీనం, అసలు తినీ తిననట్టే ఉండేది. మబ్బుగా కనిపించింది దాదాపు 33,000 తరాల దగ్గర. ఆ మధ్య 1,500 తరాల్లో ఆ 2,933 అక్షరాల ముక్క నకళ్ళు పెరిగి సామర్థ్యం పెరిగింది.

డిజైన్ వైపు గణితవేత్త విలియం డెంబ్‌స్కీ వేసే లెక్కలతో నాకున్న పేచీ ఇదే. 1 పక్కన 150 సున్నాల్లో ఒక వంతు కంటే తక్కువ అవకాశం ఉంటే యాదృచ్ఛికం కాదంటారు. కానీ ఆ సంఖ్య వచ్చేది అన్ని భాగాలూ ఒకేసారి, ఒకే దెబ్బకి కూడాలని లెక్కిస్తేనే. మెట్టు మెట్టుకీ ప్రకృతి వరణం (లాభమున్న రకమే నిలవడం) పనిచేస్తే గుణకారం అలా ఉండదు. ముందు దారి చూపించి, తర్వాత అవకాశం లెక్కకట్టాలి.

నిర్మాణవాది:
లెక్కలమనిషి గారూ, దారి చూపించాల్సింది మీరే కదా, దారి ఉందని అంటున్నది మీరు. సరే, అది పక్కన పెడతాను.

రెండు గట్టి విషయాలు. ఒకటి, 2016లో వాన్ హాఫ్‌వెగెన్, హోవ్డే, మిన్నిక్ చేసిన పని. సిట్రేట్ మీదే బతకాల్సిన పరిస్థితి కల్పిస్తే 12 నుంచి 100 తరాల్లోనే సిట్రేట్ తినే రకాలు వచ్చాయి, 46 విడివిడిగా. లెన్స్కీ ఫ్లాస్కులో కనిపించిన అవే సిట్‌టీ, డీసీటీఏ జీన్ల మార్పులు. అలాంటప్పుడు 31,500 తరాల "అరుదైన చారిత్రక ఘటన" అనడం ఎందుకు?

రెండు, ఈ 12 ఫ్లాస్కుల్లో లాభం ఇచ్చిన మ్యుటేషన్లలో ఎక్కువ భాగం ఏదో ఒక జీన్‌ని పాడుచేసేవే. రైబోజ్ అనే చక్కెరను వాడే జీన్లు పన్నెండింటిలోనూ పోయాయి. ఆరు ఫ్లాస్కుల్లో డీఎన్ఏ తప్పులు దిద్దే యంత్రాంగమే దెబ్బతిని మ్యుటేషన్ రేటు పెరిగింది. బీహీ 2010లో క్వార్టర్లీ రివ్యూ ఆఫ్ బయాలజీలో రాసింది ఇదే: జీవి త్వరగా లాభం పొందాలంటే విరగ్గొట్టడమే సులువు. విరగ్గొడుతూ పోతే కశాభం (బ్యాక్టీరియా ఈదడానికి తిప్పే తోక) రాదు.

జన్యుపటం:
రెండో విషయంలో మీరు చెప్పింది చాలావరకు నిజం, పరిణామం వైపు వాళ్ళు దాన్ని దాటేయడం నాకు నచ్చదు. వాడని రైబోజ్ జీన్లు పోతే నూటికి ఒకటి రెండు శాతం లాభం. ఎప్పుడూ మారని ఒకే ఆహారం, శత్రువు లేడు, చలి లేదు. అలాంటి చోట అనవసరమైన సామాను పారేయడమే గెలుపు. ఇది ఆ ఫ్లాస్కు గురించి చెబుతుంది. నేలలోనో పేగులోనో బతికే బ్యాక్టీరియా గురించి అదే సూత్రం అనలేం.

మొదటిది మాత్రం జాగ్రత్తగా చూడాలి. 2016 ప్రయోగంలో గ్లూకోజ్ అయిపోయాక రోజుల తరబడి ఆకలితో ఉంచారు. సిట్రేట్ కొద్దిగా తినగలిగినా ఆ కణం బతికి, మిగతావి చస్తాయి. లెన్స్కీ ఫ్లాస్కులో మర్నాడే కొత్త గ్లూకోజ్ వస్తుంది. అక్కడ కొద్దిగా సిట్రేట్ తినగలగడం గొప్ప లాభం కాదు, పైగా సిట్‌టీ ఒక సిట్రేట్‌ని తెచ్చినప్పుడల్లా ఒక సక్సినేట్‌ని బయటికి పంపేస్తుంది. వచ్చింది ఎంతో పోయింది అంత. ఆ పోయిన సక్సినేట్‌ని వెనక్కి లాగే డీసీటీఏ తర్వాత ఎక్కువగా తయారయ్యాకే లాభం నిలదొక్కుకుంది.

సిద్ధం చేసిన మెట్టు కూడా దొరికింది. సిట్రేట్ సింథేజ్ తయారుచేసే జీఎల్‌టీఏ జీన్‌లో ముందే ఒక మ్యుటేషన్ వచ్చింది, సిట్రేట్ కోసం కాదు, గ్లూకోజ్ తిన్నాక మిగిలే అసిటేట్ బాగా వాడుకోవడానికి. అది ఉన్నందువల్లే సిట్‌టీ తొలి మార్పు కణానికి భారం కాలేదు. ఫ్రీజర్‌లోంచి పాత తరాలు తీసి మళ్ళీ నడిపిస్తే, 20,000 తరాలకి ముందరి కణాల నుంచి సిట్రేట్ రకం ఒక్కటి కూడా రాలేదు, తర్వాతి వాటి నుంచి వచ్చింది. కాబట్టి రెండు ప్రయోగాలూ నిజమే. ఒకటి ఆకలితో తోస్తే ఎంత త్వరగా వస్తుందో చెప్పింది. ఇంకొకటి ఎవరూ తోయనప్పుడు ఏ వరసలో వస్తుందో చెప్పింది.

మిర్యాలగూడ బయాలజీ:
ఈ రెండింటి తేడా నాకిప్పుడు స్పష్టంగా తెలిసింది. అయినా నిర్మాణవాది గారి మోటారు ప్రశ్న మిగిలే ఉంది. పాత జీన్ చోటు మారడం కాకుండా, కొత్త పని చేసే కొత్త ఎంజైమ్ ల్యాబ్‌లో పుట్టిన ఉదాహరణ ఉందా?

జన్యుపటం:
ఉంది. 2012లో నెస్వాల్, సన్, రోత్, ఆండర్సన్ సాల్మొనెల్లాలో చేసి చూపించారు.

హిస్టిడిన్, ట్రిప్టోఫాన్ అనేవి ప్రోటీన్లకి కావాల్సిన అమైనో ఆమ్లాలు. హిస్‌ఏ అనే ఎంజైమ్ హిస్టిడిన్ తయారీలో ఒక మెట్టు. టీఆర్‌పీఎఫ్ అనేది ట్రిప్టోఫాన్ తయారీలో ఒక మెట్టు. టీఆర్‌పీఎఫ్‌ని తీసేశారు. హిస్‌ఏలో మ్యుటేషన్లు వచ్చి, తన పని చేస్తూనే టీఆర్‌పీఎఫ్ పని కూడా కాస్త చేయగలిగే రకం దొరికింది. రెండు పనులూ నాసిరకంగానే చేస్తుంది. హిస్టిడిన్, ట్రిప్టోఫాన్ రెండూ లేని యానకంలో దీన్ని పెంచారు. మొదట జరిగింది ఆ జీన్‌కి నకళ్ళు పెరగడం, ఎందుకంటే నాసి ఎంజైమ్ ఎక్కువ మోతాదులో ఉంటే పని జరుగుతుంది. నకళ్ళు ఎక్కువున్నప్పుడు ఒక్కోదానిలో వేరువేరు మ్యుటేషన్లు పడ్డాయి. 3,000 తరాల లోపే కొన్ని వంశాల్లో ఒక నకలు హిస్టిడిన్ పనిలో, ఇంకో నకలు ట్రిప్టోఫాన్ పనిలో ఆరితేరాయి. మిగతా నకళ్ళు రాలిపోయాయి. మొదట ఒక జీన్, చివరికి రెండు వేర్వేరు ఎంజైములు.

నిర్మాణవాది:
ఇది మంచి ప్రయోగం, ఒప్పుకుంటాను. సిట్రేట్ కంటే నాకిది బలంగా కనిపిస్తోంది. అయితే మొదటి మెట్టులో టీఆర్‌పీఎఫ్ తీసింది, ట్రిప్టోఫాన్ లేని యానకం ఎంచింది మనుషులే. పైగా ఇది ఒక ఎంజైమ్. కశాభంలో 40 పైచిలుకు జీన్లు. తిరిగే ఇరుసు, కొక్కెం, ఉంగరాలు, ఫ్లాజెలిన్ అనే ప్రోటీన్ ముక్కలు వేల కొద్దీ కూడిన తోక. ఒకటి తీసేస్తే తిరగదు. విడదీయలేని సంక్లిష్టత అని బీహీ 1996లో అన్నది దీన్నే.

పెట్రీప్లేటు:
యానకం ఎంచడం మనుషుల పనే, మ్యుటేషన్ ఎక్కడ పడాలో ఎంచలేదు. నేలలో ట్రిప్టోఫాన్ అయిపోవడం కూడా ఇదే ఒత్తిడి.

కశాభం విషయంలో మా వైపు నుంచే ఒక దిద్దుబాటు. ప్లేగు బ్యాక్టీరియా యెర్సీనియా విషం గుచ్చే సూదికి, కశాభం అడుగు భాగానికి పోలిక ఉంది. దాంతో "సూది నుంచి కశాభం వచ్చింది" అని చాలాచోట్ల రాస్తారు. అది తలకిందులు. వంశవృక్షాలు గీస్తే సూదే కశాభ వంశం నుంచి విడిపోయినట్టు తేలుతోంది. కాబట్టి ఆ సూదిని పూర్వీకుడిగా చూపించకూడదు. చూపించాల్సింది ఇంకొకటి: అడుగు భాగం తోక లేకుండా వేరే పనికి సరిపోతుందని. తోక పోగొట్టుకున్న బుక్నెరా అనే బ్యాక్టీరియాలో ఆ అడుగు భాగాలు కణం నిండా ఉన్నాయి.

భాగాల వారీగా చూసినా బంధువులు కనిపిస్తారు. ప్రోటాన్ ప్రవాహంతో తిప్పే మోట్‌ఏ, మోట్‌బీ జంటకి ఎక్స్‌బీబీ, ఎక్స్‌బీడీ జంట చుట్టం. అది కణం బయటి పొర మీదుగా ఇనుము తెచ్చుకునే పనికి శక్తి అందిస్తుంది. లోపలి ఫ్లిఐ అనే భాగం, కణానికి శక్తినిచ్చే ఏటీపీని తయారుచేసే యంత్రంలోని బీటా భాగానికి చుట్టం. 40 జీన్లకీ వరస తెలిసిపోయిందని నేను అనను.

తత్వశోధన:
డోవర్ కేసు ఎలాగూ వస్తుంది కాబట్టి నేనే ముందు చెబుతా. బడిలో ఇంటెలిజెంట్ డిజైన్ ప్రస్తావించాలన్నందుకు అమెరికాలోని పెన్సిల్వేనియాలో 11 మంది తల్లిదండ్రులు డోవర్ స్కూల్ బోర్డు మీద వేసిన కేసు. 2005 డిసెంబర్ 20న జడ్జి జాన్ ఈ. జోన్స్ 139 పేజీల తీర్పు ఇచ్చారు, ఇంటెలిజెంట్ డిజైన్ సైన్స్ కాదని. 2016 సిట్రేట్ పేపర్ రాసిన స్కాట్ మిన్నిక్ అక్కడ బోర్డు తరఫు సాక్షి. బోర్డు సిఫార్సు చేసిన పాఠ్యపుస్తకం చిత్తుప్రతుల్లో, బడుల్లో సృష్టివాదం చెప్పించడాన్ని కొట్టేసిన 1987 అమెరికా సుప్రీంకోర్టు తీర్పు తర్వాత, "సృష్టివాదులు" అన్న చోటల్లా "డిజైన్ ప్రతిపాదకులు" అని మార్చారు. ఒకచోట రెండు మాటలూ సగం సగం అతుక్కుని మిగిలిపోయాయి. తీర్పుని అది గట్టిగా ప్రభావితం చేసింది.

కోర్టు తేల్చింది బడిలో ఏం చెప్పొచ్చో. కశాభం ఎలా వచ్చిందో కోర్టు తేల్చదు, నిర్మాణవాది గారి ప్రశ్నకి ఆ తీర్పు సమాధానం కాదు. అలాగే మిన్నిక్ ఎటువైపు సాక్షి అన్నది ఆయన సిట్రేట్ ఫలితాలని తప్పు చేయదు. ఆయన డేటా ఆయన డేటాయే.

నిర్మాణవాది:
ఆ చివరి మాటకి ధన్యవాదాలు. నా వైపు నుంచి ఒక పరీక్ష చెబుతాను: కశాభాన్ని చెడగొట్టి, బ్యాక్టీరియాకి కదలక తప్పని స్థితి కల్పించి, తిరిగి వస్తుందో లేదో చూడాలి. డోవర్‌లో బీహీ కూడా ఇలాంటిదే అన్నారు.

జన్యుపటం:
అచ్చంగా మీరడిగింది కాదు గానీ, దగ్గరిది 2015లో వచ్చింది. సూడోమోనాస్ ఫ్లూరెసెన్స్‌లో కశాభం జీన్లన్నిటినీ నడిపే ఫ్లెక్యూ అనే మేనేజర్‌ని తీసేశారు. కశాభం లేదు, కదలిక లేదు. చుట్టూ ఆహారం అయిపోయి, కాస్త దూరంలో ఉండేలా మెత్తటి అగార్ మీద వదిలారు. 96 గంటల్లో ఈత తిరిగి వచ్చింది.

వచ్చిన దారి: నత్రజని లెక్కలు చూసే ఎన్‌టీఆర్‌సీ అనే ప్రోటీన్ ఫ్లెక్యూకి దూరపు చుట్టం. దాన్ని ఉత్తేజపరిచే ఎన్‌టీఆర్‌బీ జీన్‌లో మొదటి మ్యుటేషన్. రెండోది ఎన్‌టీఆర్‌సీలోనే, డీఎన్ఏని పట్టుకునే చోట.

ఇందులో మీకు అనుకూలమైనదీ ఉంది: కశాభం భాగాల జీన్లు చెక్కుచెదరకుండా ఉన్నాయి, మారింది మేనేజర్ ఒక్కడే. పైగా కొత్త మేనేజర్ నత్రజని పని సరిగ్గా చూడలేకపోయాడు.

మిర్యాలగూడ బయాలజీ:
ఒక్క సందేహం. ఆ రెండు మ్యుటేషన్లూ వరస మారి వస్తే? ఎన్‌టీఆర్‌సీ ముందు, ఎన్‌టీఆర్‌బీ తర్వాత?

జన్యుపటం:
వాళ్ళు చూసిన వంశాల్లో ఎన్‌టీఆర్‌బీయే ముందు మేడం. మొదటి మ్యుటేషన్‌తో ఉత్తేజమైన ఎన్‌టీఆర్‌సీ కణం నిండా పేరుకుంటుంది. అంత ఎక్కువుంటే తనది కాని ఫ్లెక్యూ చోట్లని కూడా అక్కడక్కడా పట్టుకుంటుంది. కణం నెమ్మదిగానైనా ఈదుతుంది, కొత్త ఆహారం అందుతుంది, ఆ వంశం పెరుగుతుంది. రెండో మ్యుటేషన్ ఆ పెరిగిన వంశంలో పడి పట్టుని ఫ్లెక్యూ చోట్ల వైపు తిప్పింది, ఈత వేగం పెరిగింది. మోతాదు పెరగకముందే ఆ పట్టు మారితే, ఉన్న కొద్దిపాటి ఎన్‌టీఆర్‌సీ నత్రజని పని వదిలేస్తుంది, ఈతకీ చాలదు. అలాంటి కణం అగార్ మీద ముందుకు రావడానికి కారణం కనిపించదు.